ఇది కథ మాత్రమేనా?



భావనపాడు వంటి తీర గ్రామమైనా, మెట్ట ఊరైనా, పట్నమైనా ఒక సంగతి ఒకటే. రాత్రివేళ పక్కింట్లో ఒక స్త్రీ ఏడుపు వినబడుతుంది. "ఆలుమగల గొడవ, మనకెందుకు" అని తలుపు వేసుకుంటాము. ఆదివారం ఆ సహోదరి కమిలిన చెంపమీద కొంగు కప్పుకొని ఆరాధనకు వస్తే, "వందనాలమ్మా" అని చెప్పి వెళ్ళిపోతాము. దెబ్బను చూశాము, అడగలేదు.

మనం అడగని ఆ ప్రశ్నను కెమెరా పట్టి అడిగిన ఒక స్త్రీని గురించి ఈ నెల మీకు చెప్పాలనుకున్నాము. ఆమె దీపా ధన్‌రాజ్. హైదరాబాదులో పుట్టి, బెంగుళూరులో స్థిరపడి, నలభై ఏళ్ళకు పైగా డాక్యుమెంటరీ చిత్రాలు తీశారు.

నలుగురూ వదిలేసిన చోటికి

1980లో ఆమె, మరికొందరు స్నేహితులు కలిసి 'యుగాంతర్' అనే చిత్ర బృందం పెట్టారు. ఛాయాగ్రాహకుడైన ఆమె భర్త నవ్‌రోజ్ కాంట్రాక్టర్ వారికి తోడు నిలిచారు. పూనాలో ఇళ్ళలో పనిచేసే స్త్రీల గురించి 1981లో, నిపాణి పొగాకు ఫ్యాక్టరీ కూలీల గురించి 1982లో చిత్రాలు తీశారు. పాటలూ ఫైటింగులూ లేని ఈ చిత్రాలలో కూలి కోసం, గౌరవం కోసం కూడుకున్న స్త్రీల మాటలే ఉన్నాయి.

తరువాత 1984 నాటి హైదరాబాదు మత కలహాలపై 1986లో, కుటుంబ నియంత్రణ పేరుతో పేద స్త్రీలకు జరిగిన అన్యాయంపై 1991లో, రోహిత్ వేముల మరణం తరువాత విద్యార్థుల పోరాటంపై 2018లో చిత్రాలు తీశారు. ఒక్కటీ సులువైన విషయం కాదు.

తెలుగులో ఒక చిన్న చిత్రం

మన ఇళ్ళకు అన్నిటికంటె దగ్గరగా వచ్చేది 1983లో తెలుగులో తీసిన చిన్న చిత్రం. పేరు 'ఇది కథ మాత్రమేనా?'. హైదరాబాదులోని స్త్రీశక్తి సంఘటన సభ్యురాళ్ళతో కూర్చొని, ఇళ్ళలో స్త్రీలు పడే బాధలను మాట్లాడుకొని, ఆ మాటల్లోనుంచే కథ అల్లారు. పెళ్ళయిన ఒక స్త్రీ ఇంట్లో అనుభవించే హింస, ఒంటరితనం, ఆమె మాట వినే ఒక స్నేహితురాలు, అంతే కథ.

ఆ పేరు విన్నప్పుడు మాకు నాతాను ప్రవక్త జ్ఞాపకం వచ్చాడు. ఒక పేదవాని గొఱ్ఱెపిల్ల కథ చెబితే దావీదు రాజు కోపంతో మండిపడ్డాడు. ఆ దోషివి నీవేనని ప్రవక్త చెప్పేదాకా అది ఎవరి కథో అతనికి తెలియలేదు. మంచి చిత్రమూ అటువంటి పనే చేస్తుంది. తెరమీద భర్తను తిట్టుకుంటూ చూసినవాడు ఇంటికి వెళ్ళి తన చేతిని చూసుకోవాలి.

మన సంఘం ఏమి చేయాలి?

ఆ చిత్రం వచ్చిన 1983లోనే భర్త, అత్తింటివారు పెట్టే క్రూర హింసను నేరంగా చేస్తూ 498-ఎ సెక్షను వచ్చింది. 2024 జూలై నుండి అదే నేరం భారతీయ న్యాయ సంహితలో 85వ సెక్షను. 2005 నాటి గృహహింస చట్టం ప్రకారం ఆ ఇంట్లో నివసించే హక్కు, రక్షణ ఉత్తర్వు పొందే హక్కు స్త్రీకి ఉన్నాయి. ఆపదలో 181 నంబరుకు ఫోను చేయవచ్చు.

చట్టం ఉంది గాని, దెబ్బలు తిన్న సహోదరి మొదట వచ్చేది పాస్టరు అమ్మగారి దగ్గరికే. అక్కడ "ఓర్చుకో అమ్మా, ప్రార్థన చేసుకో" అని మాత్రమే చెప్పి పంపితే, ఆమెను మళ్ళీ ఆ దెబ్బలకే అప్పగించినట్టు. ఓర్పు క్రైస్తవ గుణమే. కాని ఒకరి ఓర్పు మరొకరి పాపానికి ముసుగు కాకూడదు. భార్యను సన్మానించని భర్త ప్రార్థనలకే ఆటంకమని పేతురు తన మొదటి పత్రిక మూడవ అధ్యాయములో హెచ్చరించాడు. ఆ వాక్యం మన బల్లమీదినుండి ఎన్నిసార్లు వినిపించింది?

స్త్రీల సమాజపు కూడికలో ఒక్క పూట దీనికి కేటాయించండి. వినండి, నమ్మండి, బయట ఎవరికీ చెప్పకండి. అవసరమైతే ఆ రాత్రికి మీ ఇంట చోటివ్వండి. సంఘ పెద్దలు ఆ భర్తను పిలిచి నిలదీయాలి.

ఈసారి పక్కింటి ఏడుపు వినబడినప్పుడు మన తలుపు మూయకుందుము గాక. అరణ్యంలో హాగరును చూచిన దేవుడు మనలను కూడా చూస్తున్నాడు.