పదమూడో నంబరు లారీ

చేతిలో పని లేదు. జేబులో డబ్బు లేదు. జైలు నుంచి వచ్చి ఎన్నాళ్లో కాలేదు. అలాంటివాడికి లారీ తాళాలిచ్చి 'రోజుకి పన్నెండు ట్రిప్పులు కొట్టాలి, తగ్గితే ఇంటికే' అంటే ఏం చేస్తాడు? గేరు మార్చి, యాక్సిలరేటర్ మీద కాలేస్తాడు!

1957లో వచ్చిన బ్రిటిష్ సినిమా 'హెల్ డ్రైవర్స్' కథ అక్కడే మొదలవుతుంది. నలుపు తెలుపుల సినిమా. హాలీవుడ్ లెక్కల్లో చూస్తే చాలా చిన్న సినిమా. పెద్ద సెట్టింగులు లేవు, విదేశీ లొకేషన్లు లేవు. ఓ క్వారీ, డొంకదారుల్లాంటి ఇరుకు రోడ్లు, ముక్కు ముందుకు పొడుచుకొచ్చిన డాడ్జ్ టిప్పర్లు... ఆస్తి మొత్తం అంతే. లారీ డ్రైవరు హీరో అంటే మనకు 'డ్రైవర్ రాముడు' (1979), 'లారీ డ్రైవర్' (1990) గుర్తొస్తాయి. వాటికంటే రెండు దశాబ్దాల ముందే ఇంగ్లండ్‌లో ఒకడు స్టీరింగు పట్టాడన్నమాట.

అతడి పేరు టామ్. వేషం వేసింది స్టాన్లీ బేకర్, వేల్స్ బొగ్గుగని కార్మికుడి కొడుకు. ఒంటికి మసి అంటిన మనిషిలా కనిపించడానికి అతడికి పెద్దగా మేకప్ అక్కర్లేకపోయి ఉండొచ్చు! టామ్ చేరిన కంపెనీలో జీతం ట్రిప్పుల లెక్కన. క్వారీలో కంకర నింపుకోవడం, సైటు దగ్గర దింపడం, మళ్లీ పరిగెత్తడం. ఫోర్‌మన్ రెడ్ (పాట్రిక్ మెక్‌గూహన్) రోజుకి 18 ట్రిప్పులు కొడతాడు. తనని ఓడించినవాడికి బంగారు సిగరెట్ కేసు ఇస్తానంటాడు. ఇంతవరకూ ఎవరూ గెలవలేదు. మన టామ్‌కి దక్కిన లారీ నంబరేమో 13. ఇంగ్లిషువాళ్లకి ఆ అంకె అంటే ఎంత భయమో తెలిసిందేగా.

అసలు కిటుకు

ఇంత తొందర ఎందుకు? ఈ ప్రశ్నే సినిమాకి ప్రాణం. మేనేజరు కార్ట్‌లీ, ఫోర్‌మన్ రెడ్ కలిసి ఐదుగురు డ్రైవర్లను తక్కువ పెట్టుకుంటారు. హెడ్డాఫీసు నుంచి మాత్రం అందరి జీతాలూ వస్తాయి. ఆ ఐదుగురి డబ్బు ఇద్దరి జేబుల్లోకి, ఆ ఐదుగురి పని మిగిలినవాళ్ల నెత్తిమీదికి! పాపం, డ్రైవర్లేమో ఇదంతా తమ మగతనానికి పరీక్ష అనుకుని ఒకర్నొకరు రోడ్డు మీంచి నెట్టేసుకుంటుంటారు. విలన్ తుపాకీ పట్టుకుని తిరిగే సినిమాల కంటే జీతాల పట్టీ పట్టుకున్న ఈ విలనే ఎక్కువ భయపెడతాడు.

వీళ్లందరిలో మంచివాడు జీనో. యుద్ధఖైదీగా వచ్చి ఇంగ్లండ్‌లోనే ఉండిపోయిన ఇటాలియన్ (హెర్బర్ట్ లోమ్). ఆఫీసులో పనిచేసే లూసీ అంటే అతడికి ప్రాణం, ఆమె మనసేమో టామ్ మీద. అయినా మిగతా డ్రైవర్లు టామ్‌ను వేధిస్తుంటే ఆ దెబ్బలేవో తనకే తగలనీ అని లారీల నంబర్లు మార్చేస్తాడు. దాని ఫలితం ఏమిటన్నది తెరమీద చూడాల్సిందే... రుమాలు దగ్గర పెట్టుకుని!

వేగం విషయానికొస్తే, అందులో కొంత కెమెరా మాయ. మామూలుగా సెకనుకి 24 ఫ్రేములు తీస్తారు. అంతకంటే తక్కువ తీసి మామూలు వేగంతో ఆడిస్తే తెరమీద బండి దూసుకుపోతుంది. కొన్నిచోట్ల మోతాదు మించి లారీలు బొమ్మల్లా గెంతుతాయి, నవ్వొస్తుంది కూడా. కానీ బంపరుకి బంపరు తగిలినప్పుడు నవ్వు ఆగిపోతుంది. కెమెరామన్ జెఫ్రీ అన్‌స్వర్త్. తర్వాత '2001: ఎ స్పేస్ ఒడిస్సీ'కి పనిచేసి, 'క్యాబరే'కి ఆస్కార్ అందుకున్నాయన.

దర్శకుడు సై ఎండ్‌ఫీల్డ్‌ది మరో కథ. అమెరికన్. 1951లో కమ్యూనిస్టు అని పేరు బయటికి రావడంతో హాలీవుడ్ తలుపులు మూసుకున్నాయి. పొట్టచేతబట్టుకుని బ్రిటన్ వచ్చాడు. అక్కడ తీసిన కొన్ని సినిమాలకి సొంత పేరు కూడా వేసుకోలేకపోయాడు. పని పోతుందన్న భయం ఈ సినిమాలో అంత నిజంగా ఉందంటే ఉండదూ మరి!

ఇక చిన్న వేషాల్లో ఉన్నవాళ్లని చూస్తే ఆశ్చర్యం వేస్తుంది. మేనేజరుగా వేసిన విలియం హార్ట్‌నెల్ 1963లో టీవీలో మొట్టమొదటి 'డాక్టర్ హూ' అయ్యాడు. టామ్ తమ్ముడిగా ఊతకర్రలతో కనిపించే డేవిడ్ మెకలమ్, ఇదే సినిమాలో ఉన్న జిల్ ఐర్లండ్‌ని ఆ ఏడాదే పెళ్లాడాడు. డ్రైవర్ల గుంపులో జానీ అని ఒకడుంటాడు. పొడుగ్గా, ఒత్తు కనుబొమలతో. పెద్దగా డైలాగుల్లేవు. ఎవరా అని పేర్లు చూస్తే... షాన్ కానరీ! జేమ్స్‌బాండ్ కావడానికి అతడికి ఇంకా ఐదేళ్లుంది.

బేకర్, ఎండ్‌ఫీల్డ్ ఆ తర్వాత కూడా కలిసి పనిచేశారు. 1964లో వాళ్లు తీసిన 'జులు'లో ఓ కుర్రాడికి మొదటి పెద్ద వేషం దొరికింది. ఆ కుర్రాడు మైకేల్ కెయిన్.