బ్రౌజరులో అనుకూలత విధానం

అనుకూలత విధానం అనగా, పాత బ్రౌజర్లను దృష్టిలో పెట్టుకొని తయారుచేసిన వెబ్‌సైట్లను కొత్త బ్రౌజరు ఆ పాత పద్ధతి ప్రకారమే చదివి చూపే ఏర్పాటు. దీనిని కంపాటిబిలిటీ మోడ్ అని కూడా వ్యవహరిస్తారు. ఈ పేరుతో రెండు వేర్వేరు ఏర్పాట్లు వాడుకలో ఉన్నాయి. వెబ్ పేజీని చదివి తెరపై అమర్చే భాగాన్ని బ్రౌజరు ఇంజను అంటారు. ఆ ఇంజనులోనే కొన్ని నియమాలను సడలించి పాత పేజీని చూపడం మొదటి పద్ధతి. కొత్త బ్రౌజరు లోపల పాత బ్రౌజరు ఇంజనునే తిరిగి నడపడం రెండవ పద్ధతి. మైక్రోసాఫ్ట్ ఎడ్జ్‌లో ఉన్న ఇంటర్నెట్ ఎక్స్‌ప్లోరర్ మోడ్ రెండవ కోవకు చెందినది. మొదటి పద్ధతి వలన వాడుకరికి చెప్పుకోదగిన ప్రమాదం లేదు. రెండవ పద్ధతిలో పాత ఇంజనుతో పాటు దాని భద్రతా లోపాలు కూడా వెంట వస్తాయి. ఈ తేడా తెలియకుండా దీనిని వాడడం మంచిది కాదు.

నేపథ్యం

1990లలో నెట్‌స్కేప్, మైక్రోసాఫ్ట్ సంస్థల మధ్య పోటీ తీవ్రంగా ఉండేది. ప్రమాణాలు స్థిరపడక ముందే రెండు సంస్థలూ తమ తమ బ్రౌజర్లలో సొంత పద్ధతులను ప్రవేశపెట్టాయి. ఒక పెట్టె వెడల్పును లెక్కించే తీరు ఇందుకు మంచి ఉదాహరణ. వెడల్పు 200 పిక్సెళ్ళు, లోపలి ఖాళీ ఇరువైపులా 20 చొప్పున, అంచు ఇరువైపులా 5 చొప్పున ఉన్న పెట్టె సీఎస్ఎస్ ప్రమాణం ప్రకారం తెరపై మొత్తం 250 పిక్సెళ్ళు ఆక్రమించాలి. విండోసులోని ఇంటర్నెట్ ఎక్స్‌ప్లోరర్ 5 మాత్రం ఖాళీని, అంచును ఆ 200 లోనే కలిపి లెక్కించేది. ఒక బ్రౌజరులో చక్కగా కుదిరిన పేజీ మరొక దానిలో చెదరిపోవడానికి ఇటువంటి తేడాలే కారణం.

2001లో ఇంటర్నెట్ ఎక్స్‌ప్లోరర్ 6 విడుదలయింది. నెట్‌స్కేప్ అప్పటికే వెనుకబడిపోయింది. పోటీ లేకపోవడంతో తరువాతి సంచిక రావడానికి 2006 అక్టోబరు వరకు ఐదేళ్ళు పట్టింది. ఈ ఐదేళ్ళలోనే ప్రభుత్వ కార్యాలయాలు, బ్యాంకులు, కర్మాగారాలు తమ లోపలి పనులకు పెద్ద ఎత్తున వెబ్ అనువర్తనాలను తయారు చేయించుకున్నాయి. ఇవన్నీ ఆ ఒక్క బ్రౌజరునే నమ్ముకొని తయారైనవి. పైగా వీటిలో చాలా వరకు యాక్టివ్ఎక్స్ అనే సాంకేతికతపై ఆధారపడ్డాయి. యాక్టివ్ఎక్స్ భాగం మామూలు వెబ్ పేజీ వంటిది కాదు. అది వాడుకరి కంప్యూటరులోకి దిగి, ఆ వాడుకరికి ఉన్న అధికారాలన్నిటితో నడిచే ప్రోగ్రాము. ఇతర బ్రౌజర్లు దీనిని స్వీకరించలేదు.

దక్షిణ కొరియా అనుభవం ఈ విషయంలో ప్రసిద్ధం. 1990లలో అమెరికా బలమైన సంకేత లిపి గల సాఫ్టువేరు ఎగుమతిపై ఆంక్షలు విధించడం వలన, ఆ దేశం సీడ్ అనే సొంత సంకేత లిపిని రూపొందించుకుంది. బ్రౌజర్లలో అది లేదు కనుక యాక్టివ్ఎక్స్ రూపంలో అందించారు. ఫలితంగా బ్యాంకు లావాదేవీలకు, ప్రభుత్వ ధ్రువపత్రాలకు ఇంటర్నెట్ ఎక్స్‌ప్లోరర్ తప్పనిసరి అయింది. ఆంక్షలు సడలిన తరువాత కూడా ఈ అలవాటు వదలలేదు. యాక్టివ్ఎక్స్ వాడకానికి ఊతమిచ్చిన అధికారిక ధ్రువీకరణ పత్రాల విధానం 2020 డిసెంబరులో గాని రద్దు కాలేదు.

డాక్‌టైప్ మీట

పాత పేజీలను చెడగొట్టకుండా కొత్త ప్రమాణాలను అమలు చేయడం ఎలా అన్న ప్రశ్నకు తొలి సమాధానం 2000 మార్చిలో మాకింటోష్ కొరకు విడుదలైన ఇంటర్నెట్ ఎక్స్‌ప్లోరర్ 5లో వచ్చింది. పేజీ మొదటి వరుసలో డాక్‌టైప్ అనే ప్రకటన సరిగా ఉంటే, ఆ రచయితకు ప్రమాణాలు తెలుసునని భావించి పేజీని ప్రమాణాల ప్రకారం చూపుతారు. అది లేకపోతే పాత పేజీగా భావించి పాత లెక్కలతోనే చూపుతారు. ఈ రెండవ దానికి క్విర్క్స్ మోడ్ అని పేరు. ఈ ఉపాయం ఎంత బాగా కుదిరిందంటే, మిగిలిన బ్రౌజర్లన్నీ దీనిని అనుసరించాయి. క్రోమ్, ఫైర్‌ఫాక్స్, సఫారీలలో ఇది ఇప్పటికీ ఉన్నది. వాడుకరి ఏ మీటా నొక్కనవసరం లేదు.

ఇంటర్నెట్ ఎక్స్‌ప్లోరర్ 8 తయారవుతున్నప్పుడు ఇదే సమస్య మరొక రూపంలో ఎదురైంది. డాక్‌టైప్ సరిగా ఉన్న పేజీలు కూడా పాత సంచికల లోపాలకు అలవాటు పడి ఉన్నాయి. కాబట్టి ప్రత్యేకంగా కోరని పేజీలన్నిటినీ సంచిక 7 పద్ధతిలోనే చూపుతామని మైక్రోసాఫ్ట్ 2008 జనవరిలో ప్రకటించింది. వెబ్ రూపకర్తల నుండి తీవ్ర వ్యతిరేకత రావడంతో అదే ఏడాది మార్చిలో ఆ నిర్ణయాన్ని వెనక్కు తీసుకుంది. 2009 మార్చిలో విడుదలైన సంచిక 8లో చిరునామా పట్టీ పక్కన చిరిగిన కాగితం బొమ్మతో ఒక మీట ఉండేది. పేజీ చెదరినట్లు కనిపిస్తే దానిని నొక్కి పాత పద్ధతికి మారవచ్చును. అనుకూలత విధానం అన్న మాట సామాన్య వాడుకరులకు చేరింది ఈ మీటతోనే.

ఎడ్జ్‌లో ఇంటర్నెట్ ఎక్స్‌ప్లోరర్ మోడ్

2015లో విండోస్ 10తో వచ్చిన మొదటి ఎడ్జ్ బ్రౌజరులో యాక్టివ్ఎక్స్‌కు చోటు లేదు. 2020 జనవరిలో క్రోమియం ఆధారంగా విడుదలైన కొత్త ఎడ్జ్‌లో ట్రైడెంట్ అనే పాత ఇంజనును ఒక ట్యాబు లోపల నడిపే సౌకర్యం కల్పించారు. చాలా విండోస్ 10 సంచికలలో ఇంటర్నెట్ ఎక్స్‌ప్లోరర్ 11కు మద్దతు 2022 జూన్ 15తో ముగిసింది. 2023 ఫిబ్రవరి 14న విడుదలైన ఎడ్జ్ తాజాకరణతో అది కంప్యూటర్లలో తెరచుకోవడమే మానివేసింది. అప్పటి నుండి విండోస్ 10, 11 గల వ్యక్తిగత కంప్యూటర్లలో ఆ ఇంజనును చేరుకోవడానికి ఎడ్జ్ మోడ్ ఒక్కటే అధికారిక మార్గం. ఈ మోడ్‌ను కనీసం 2029 వరకు కొనసాగిస్తామని, ఆపే ముందు ఒక సంవత్సరం గడువు ఇస్తామని మైక్రోసాఫ్ట్ ప్రకటించింది. మాకింటోష్, లినక్స్, చరవాణి ఎడ్జ్‌లలో ఇది లేదు.

సొంత కంప్యూటరులో దీనిని వాడదలచినవారు ఎడ్జ్ సెట్టింగులలో డిఫాల్ట్ బ్రౌజర్ విభాగానికి వెళ్ళి, సైట్లను ఇంటర్నెట్ ఎక్స్‌ప్లోరర్ మోడ్‌లో తెరవడానికి అనుమతి ఇవ్వాలి. తరువాత అక్కడే ఉన్న జాబితాలో కావలసిన పేజీ చిరునామాను చేర్చి, బ్రౌజరును మూసి తెరవాలి. చిరునామాను ఉన్నది ఉన్నట్లుగా ఇవ్వాలి. సైటు మొదటి పేజీని చేర్చినంత మాత్రాన లోపలి పేజీలు ఆ మోడ్‌లో తెరచుకోవు. ప్రతి నమోదూ 30 రోజులకు తొలగిపోతుంది. మోడ్ పని చేస్తున్నప్పుడు చిరునామా పట్టీకి ఎడమవైపు ఇంటర్నెట్ ఎక్స్‌ప్లోరర్ గుర్తు కనిపిస్తుంది.

కార్యాలయాలలో ఈ పనిని నిర్వాహకులు ఒక సైట్ల జాబితా తయారు చేసి, దానిని అన్ని కంప్యూటర్లకూ వర్తింపజేస్తారు. ఇక్కడ తరచుగా వచ్చే చిక్కు లాగిన్ పేజీలతోనే. లాగిన్ పేజీ కొత్త ఇంజనులో, అసలు అనువర్తనం పాత ఇంజనులో తెరచుకుంటే, రెంటి మధ్య కుకీలు మామూలుగా పంచుకోబడవు కనుక సంకేతపదం ఇచ్చినా మళ్ళీ మళ్ళీ అడుగుతూనే ఉంటుంది. అటువంటి లాగిన్ చిరునామాలను జాబితాలో తటస్థ సైట్లుగా గుర్తించాలి. ఏ ఇంజను నుండి వచ్చిన వాడుకరికి అదే ఇంజనులో అవి తెరచుకుంటాయి.

ఈ మోడ్ అన్ని పాత సైట్లనూ బ్రతికించలేదు. ఫ్లాష్‌కు మద్దతు 2020 డిసెంబరు 31తో ఆగిపోయింది. దానిపై నడిచిన సైట్లకు ఇది పనికిరాదు. మరికొన్ని సైట్లకు అసలు దీని అవసరమే లేదు. అవి బ్రౌజరు పేరును మాత్రమే చూసి తిప్పి పంపుతాయి. అటువంటి చోట బ్రౌజరు తన పేరును మార్చి చెప్పుకుంటే సరిపోతుంది. ఈ పేరు చెప్పుకోవడంలో వింతలు చాలా ఉన్నాయి. ఒపెరా సంచిక 10 వచ్చినప్పుడు, కొన్ని సైట్లు మొదటి అంకెను మాత్రమే చదివి దానిని సంచిక 1గా పొరబడుతుండడంతో, తనను తాను 9.80గా చెప్పుకోవలసి వచ్చింది. 2022లో క్రోమ్, ఫైర్‌ఫాక్స్‌లు మూడంకెల సంచికకు చేరినప్పుడు కూడా ఇదే భయం కలిగి ముందస్తు పరీక్షలు జరిపారు.

భద్రత

పాత ఇంజను నడుస్తున్న ట్యాబులో క్రోమియంకు ఉన్న ఆధునిక రక్షణలు ఉండవు. 2025 ఆగస్టులో దుండగులు దీనినే ఆసరా చేసుకుంటున్నట్లు ఎడ్జ్ భద్రతా బృందానికి సమాచారం అందింది. నమ్మకమైన సైటులా కనిపించే పేజీకి వాడుకరిని రప్పించి, దానిని ఇంటర్నెట్ ఎక్స్‌ప్లోరర్ మోడ్‌లో తెరవమని కోరి, ఛక్ర అనే పాత జావాస్క్రిప్టు ఇంజనులోని లోపం ద్వారా కంప్యూటరును వశపరచుకోవడం వారి పద్ధతి. ఎడ్జ్ ఎంత తాజాగా ఉన్నా అది అడ్డుకాలేదు. దీనితో పనిముట్ల పట్టీ నుండి, మెనూల నుండి ఈ మోడ్‌కు మార్చే మీటలను మైక్రోసాఫ్ట్ తొలగించింది. నిర్వాహకుల జాబితా ద్వారా వాడే సంస్థలకు ఈ మార్పు వర్తించదు. ఒక్క నొక్కుతో అయ్యే పని ఇప్పుడు సెట్టింగుల దాకా వెళ్ళవలసి రావడం అసౌకర్యమే గాని, ఆ అసౌకర్యం కావాలని పెట్టినదే.

తెలియని సైటు ఏదైనా ఈ మోడ్ వాడమని కోరితే దానిని వదిలివేయడం మేలు. దుకాణాలలో, ఇళ్ళలో ఉన్న పాత సీసీ కెమెరా రికార్డర్ల వంటి పరికరాలలో దృశ్యాన్ని చూడడానికి యాక్టివ్ఎక్స్ కావలసి వచ్చినప్పుడు, ఆ పరికరపు స్థానిక చిరునామాను మాత్రమే జాబితాలో చేర్చి, పని కాగానే తీసివేయాలి.

తెలుగు వెబ్‌సైట్లు

యూనికోడు వ్యాప్తికి ముందు తెలుగు పత్రికల సైట్లు సొంత ఖతులను వాడేవి. రోమను అక్షరాల స్థానాలలో తలకట్లు, గుడులు, వత్తులు వంటి ముక్కలను అమర్చి, ఆ ఖతిని పేజీతో పాటు పంపేవారు. ఇందుకు వాడిన ఈఓటీ అనే రూపాన్ని ఇంటర్నెట్ ఎక్స్‌ప్లోరర్ మాత్రమే చదవగలిగేది. ఇతర బ్రౌజర్లలో తెలుగు వార్తకు బదులు అర్థంలేని రోమను అక్షరాలు కనిపించేవి. పద్మ అనే ఫైర్‌ఫాక్స్ పొడగింత ఈనాడు, వార్త వంటి పత్రికల పేజీలను యూనికోడులోకి మార్చి చూపేది. 2017 నవంబరులో ఫైర్‌ఫాక్స్ 57 నాటి నుండి ఆ తరహా పాత పొడగింతలు పని చేయవు.

అటువంటి పాత పేజీ దాని అసలు చిరునామాలోనే, ఖతితో సహా మిగిలి ఉంటే ఇంటర్నెట్ ఎక్స్‌ప్లోరర్ మోడ్‌లో చదవవచ్చును. భద్రపరచిన నకళ్ళ విషయం వేరు. ఈఓటీ ఖతిని తయారుచేసేటప్పుడు అది ఏ చిరునామాలో పని చేయాలో అందులోనే నమోదు చేసే వీలున్నది. అలా కట్టుబడిన ఖతి మరొక చిరునామాలో తెరచుకోదు. ఖతి దొరికినా ఆ పేజీలోని పాఠ్యం రోమను అక్షరాల వరుసే కనుక వెదుకులాట యంత్రాలకు అది తెలుగుగా కనబడదు, నకలు చేసి అతికిస్తే తెలుగు రాదు. ఆ ఖతి అమరిక పట్టిక ఆధారంగా పాఠ్యాన్ని యూనికోడులోకి మార్చినప్పుడే ఆనాటి వార్తలు, వ్యాసాలు ఏ బ్రౌజరులోనైనా చదవడానికి, వెదకడానికి వీలవుతాయి.

ఇతర బ్రౌజర్లు

ఫైర్‌ఫాక్స్, సఫారీలలో పాత ఇంజను లేదు గాని, సరిగా పని చేయని కొన్ని నిర్దిష్ట సైట్ల కొరకు సవరణల జాబితాలు ఉన్నాయి. ఫైర్‌ఫాక్స్ చిరునామా పట్టీలో "అబౌట్:కాంపాట్" అని ఆంగ్ల లిపిలో టైపు చేస్తే ఆ జాబితాను చూడవచ్చును, ఒక్కొక్క సవరణను ఆపవచ్చును. సైటు యజమాని తప్పును సరిదిద్దిన తరువాత ఆ సవరణను జాబితా నుండి తొలగిస్తారు.