కప్పు కారితే బొమ్మలే అడ్డం!

పేరుపొందిన శిల్పి ఇల్లంటే మనకు ఒక ఊహ ఉంటుంది గదా! రామ్‌కింకర్ బైజ్ పూరిల్లు చూస్తే అది కాస్తా చెదిరిపోతుంది. వానాకాలం కప్పు కారితే, గడ్డి కప్పించడానికి డబ్బు లేక, తాము వేసిన తైలవర్ణ చిత్రాలనే అడ్డం కట్టేవారాయన. రంగు నూనెది, తడిసినా ఫరవాలేదట! శాంతినికేతనంలో 1975లో తమపై చిత్రం తీస్తున్న ఋత్విక్ ఘటక్‌తో ఆయనే చెప్పిన సంగతి ఇది. అంతకు ఐదేళ్ళ ముందే, 1970లో, ప్రభుత్వం వారికి పద్మభూషణ్ ఇచ్చింది సుమా!

ఆ చిత్రాన్ని నేను విశాఖపట్నంలో, ఇంట్లో కంప్యూటరు మీద చూశాను. అడిగేవాడు ఘటక్, చెప్పేవాడు రామ్‌కింకర్. ఇద్దరు పాత స్నేహితులు అరుగుమీద కూర్చున్నట్టే ఉంటుంది.

రామ్‌కింకర్ 1906లో బాంకురాలో బీద ఇంట పుట్టారు. పత్రికా సంపాదకులు రామానంద ఛటర్జీ ఆయన ప్రజ్ఞ గుర్తించి 1925లో శాంతినికేతనం చేర్చారు. అక్కడ నందలాల్ బోస్ గురువు. కంచుపోతకు డబ్బేదీ? ఇనుప చట్రం కట్టి, సిమెంటులో అక్కడి ఎర్రనేల గులకరాళ్ళు కలిపి, ఆ ముద్దను విసిరి విసిరి అంటించేవారు. 1938లో 'సంథాల్ కుటుంబం' అలాగే లేచింది. కావడి మోసే తండ్రి, తల్లి, బిడ్డ, వెంట కుక్క. పైన నునుపు చేయలేదు. గరుకు గరుకుగానే వదిలేశారు. ఉన్నది ఉన్నట్టు దించక, మనసులోని ఉద్వేగానికి తగ్గట్టు రూపాన్ని మలిచే ఈ పద్ధతినే ఎక్స్‌ప్రెషనిజం అంటారు.

నాకు మరీ నచ్చింది 1956 నాటి 'మిల్లు పిలుపు'. కూత విని ఇద్దరు స్త్రీలు పరుగెత్తుతుంటారు. తడిగుడ్డ ఆరేవరకు ఆగే తీరిక లేదు. గాలికి ఎగరేస్తూనే పరుగు. రేవూ, ఉక్కు కర్మాగారమూ ఉన్న మా ఊళ్ళో దీన్ని ఎవరికీ విడమరచి చెప్పనక్కరలేదు. తెల్లవారుఝామున క్యారేజీ చేతబట్టి, జడ సగం అల్లుకుంటూ బస్సుకోసం పరుగెత్తే ఆడవాళ్ళు మాకు రోజూ కనిపిస్తారు.

చిత్రం పూర్తికాకుండానే 1976 ఫిబ్రవరిలో ఘటక్ పోయారు. 1980లో రామ్‌కింకర్ కూడా వెళ్ళిపోయారు. ఆ రెండు శిల్పాలు మాత్రం కళాభవన్ ఆవరణలో ఆరుబయటే ఉన్నాయి. మనవైపువారు హౌరాలో దిగి బోల్‌పూర్ రైలెక్కాలి.