పాత చిత్రములను వెదకి తెచ్చువారు

మహాత్మాగాంధి నడచుచు, నవ్వుచు, రాట్నము వడకుచు నుండుటను మనము తెరమీద చూచుచున్నాము. ఆ ముక్కలు ఎవరు తీసిరో, ఎచ్చట పడియుండెనో, ఎవరు వెదకి తెచ్చిరో విచారించువారు తక్కువ. డాక్యుమెంటరీ చిత్రమునకు దర్శకుని పేరు చెప్పుకొందురు. పాత ఫిల్మును వెదకి గుర్తించినవారి పేరు మాత్రము తుదియందు చిన్న యక్షరములలో పోవును.

ఈ పని యెంత కష్టమో ఏ. కె. చెట్టియారు చరిత్రము తెలుపును. తమిళదేశీయుడగు ఈయన 1937లో గాంధీజీ జీవితమును చిత్రముగ కూర్ప సంకల్పించెను. లోకములో పలువురు అప్పటికే తీసియుంచిన ముక్కలకై దక్షిణాఫ్రికా, ఐరోపా మొదలగు చోట్లకు సుమారు 1,00,000 మైళ్లు తిరిగెను. దాదాపు 100 మంది ఛాయాగ్రాహకులు తీసిన 50,000 అడుగుల ఫిల్మును సేకరించి, అందుండి 12,000 అడుగులు ఏరి కూర్చెను. తమిళ చిత్రము 1940లో వెలువడెను. పిమ్మట తెలుగు వ్యాఖ్యానముతోను వచ్చెను.

ఇంత శ్రమతో చేర్చిన చిత్రమే తరువాత కనుమరుగయ్యెను! 1953లో అమెరికాలో తయారైన ఆంగ్లప్రతి చాలకాలమునకు ఆ దేశముననే దొరకినది. మన తొలి తెలుగు టాకీ, 1932 నాటి 'భక్తప్రహ్లాద'కు ఆ భాగ్యమును లేదు.

శోధకుని పని వెదకుటతో ముగియదు. కామారెడ్డి, ఎల్లారెడ్డి సీమనే దృష్టాంతముగ తీసికొందము. 1923లో ఆరంభమై 1931లో ముగిసిన నిజాంసాగర నిర్మాణమును గూర్చి చిత్రము తీయుచున్నారనుకొనుడు. భాండాగారములో 'ఆనకట్ట' యని మాత్రమే వ్రాసిన డబ్బా యొకటి దొరకెను. అది మంజీరమీది కట్టయో, వేఱొకటియో? శోధకుడు దానిని పాత ఛాయాచిత్రములతో సరిచూడవలెను. కామారెడ్డి స్టేషనులో మీటరుగేజి పట్టాలు మాత్రమే కనబడినచో ఆ బొమ్మ బ్రాడుగేజి రాకకు ముందటిది. ఎల్లారెడ్డి అంగడి బోర్డుపై 'నిజామాబాదు జిల్లా' యని యున్నచో, 2016లో కామారెడ్డి జిల్లా యేర్పడుటకు ముందు వ్రాయించిన బోర్డని తెలియును. చీరకట్టును, నగలను చూచి కాలము చెప్పగల ముసలమ్మలు ఇట్టి పనికి గొప్ప సాయము. పిదప హక్కుదారుని అనుమతి పొంది, రుసుము చెల్లింపవలెను. వేఱొక సీమ కరవును మన కరవుగ చూపినచో, చిత్రమెంత చక్కనిదైనను అది యబద్ధమే.

ఈ పనిలో గృహిణులకును భాగము గలదు. మన యిండ్లలో పెండ్లి వీడియో క్యాసెట్లు, కొన్నియెడల చిన్న ఫిల్ము చుట్టలును పడియున్నవి. ఎండకు కాగు రేకుల క్రింద, అటకమీద వానిని ఉంచరాదు. అసిటేటు ఫిల్ము వేడిమికిని చెమ్మకును చెడి పుల్లని వాసన కొట్టును. క్యాసెట్టు టేపు బూజుపట్టును. చల్లని పొడిచోట క్యాసెట్లను నిలువుగాను, ఫిల్ము చుట్టలను పడుకొనబెట్టియు ఉంచి, తెలిసినవారిచే ప్రతి తీయించుడు. ప్రతి తీసినంతమాత్రమున అసలును పారవేయకుడు. అన్నిటికంటె ముఖ్యముగ, పెట్టెమీద ఊరు, సంవత్సరము, కనబడువారి పేర్లు వ్రాయుడు. పందిటిలో పీటమీద కూర్చున్న పెద్దామె యెవరో నేడు మీ అత్తగారు చెప్పగలరు. ఈ ఆదివారమే ఆమె చెంత కూర్చుండి, ఆ బొమ్మలు చూచుచు, చెప్పించుకొని వ్రాసికొనుడు.