కోటగుడిలో హేమావతి శిల్పం

రాజధాని కట్టడాలనగానే మనకు హంపీయే జ్ఞాపకం వస్తుంది. అంతకు నాలుగయిదు శతాబ్దాల ముందే నొళంబ రాజుల రాజధాని హేమావతిలో దొడ్డేశ్వరాలయం వెలసింది. అది నేటి శ్రీ సత్యసాయి జిల్లాలో ఉన్నది. నునుపైన నల్లరాతి స్తంభాలు, బొమ్మలు చెక్కిన రాతి కిటికీలు ఆ శైలికి గుర్తులు.

ఆ నొళంబులే తొమ్మిదవ శతాబ్దంలో తగడూరును, అనగా మన ధర్మపురిని ఏలినారు. ఇక్కడి కోటలోని మల్లికార్జున, కామాక్షి ఆలయాలలో వారి శిల్పరీతి కనిపిస్తుంది. చోళులు వారిని గెలిచి తీసుకుపోయిన స్తంభాలు త్యాగయ్యగారి తిరువయ్యారు కోవెలలో ఉన్నవి.

మన పెద్దల సీమకూ, మనము స్థిరపడిన ఈ ఊరికీ గల చుట్టరికం రాతిలోనే ఉన్నదన్నమాట. కోటగుడికి పోయినప్పుడు ప్రదక్షిణంతో సరిపెట్టక పిల్లలకు ఆ స్తంభాలు చూపుదాము. వాటికి సున్నమూ, రంగులూ పూయనీయక కాపాడుకొందాము. సున్నం కింద పడిన ఉలిపని మరి కంటికి ఆనదు.