రొయ్యలు ఒంటికి పడకపోతే

ఆదివారం పూట రొయ్యల ఇగురో, పీతల పులుసో వండని ఇల్లు మన కోస్తాలో తక్కువే. తెల్లారేసరికి ఎవరికైనా విరేచనాలో, దద్దుర్లో కనిపిస్తే "రొయ్యలు పడలేదు" అని ఒక్క మాటతో తేల్చేస్తాం. నిజానికి ఆ ఒక్క మాటలో రెండు వేరు వేరు బాధలున్నాయి సోదరీమణులారా! ఒకటి చెడిన తిండి వల్ల వచ్చేది, రెండోది ఎలర్జీ. మొదటిదాన్ని వంటింట్లోనే ఆపవచ్చు. రెండోది ఎంత శుచిగా వండినా ఆగదు.

సముద్రపు నీళ్ళలో, ఉప్పుటేరుల్లో విబ్రియో అనే సూక్ష్మజీవులు సహజంగానే ఉంటాయి. రొయ్యలతో పాటు అవీ మన ఇంటికొస్తాయి. ఎండల్లో గిన్నె బయట పెట్టేస్తే కొద్ది గంటల్లోనే విపరీతంగా పెరిగిపోతాయి. బాగా ఉడికితే చస్తాయి. మరి పచ్చివి మనం తినం కదా అంటారేమో! రొయ్యలు వలిచిన చేత్తోనే, అదే కత్తిపీట మీదే పెరుగుపచ్చడికి ఉల్లిపాయలు తరుగుతాం చూడండి, చిక్కంతా అక్కడుంది. సాధారణంగా తిన్న ఒక రోజు లోపు నీళ్ళ విరేచనాలు, కడుపులో మెలిపెట్టే నొప్పి మొదలవుతాయి. చాలామందికి మూడు రోజుల్లో సర్దుకుంటుంది. అంతవరకు ఓ.ఆర్.ఎస్. నీళ్ళు పట్టిస్తుండాలి. పసిపిల్లలకీ, పెద్దవాళ్ళకీ అయితే డాక్టరు దగ్గరికి వెళ్ళడంలో ఆలస్యం వద్దు.

గుల్లల సంగతి వేరు. సముద్రంలో కొన్ని రకాల నాచు ఉన్నట్టుండి విరివిగా పెరిగినప్పుడు, దాన్ని మేసిన గుల్లల్లో విషం చేరుతుంది. ఎంత ఉడికించినా ఆ విషం పోదు. 1997లో కేరళలోని విళింజంలో ఇలాంటి గుల్లలు తిని ఏడుగురు చనిపోయారు. పెదవులు, నాలుక తిమ్మిరెక్కితే క్షణం ఆగకుండా ఆసుపత్రికి వెళ్ళాలి.

ఇక ఎలర్జీ. రొయ్య కండలో ట్రోపోమయోసిన్ అనే మాంసకృత్తు ఉంటుంది. కొందరి శరీరం దాన్ని శత్రువనుకుని తిరగబడుతుంది. ఉడికించినా, వేయించినా దాని గుణం మారదు. కొందరికి ఉడికే ఆవిరి తగిలినా చాలు. పీతల్లోనూ దాదాపు అదే ఉంటుంది కనుక రొయ్యలు పడనివారికి అవీ పడకపోవచ్చు. చేపల్లోది వేరు, అయినా డాక్టరునడిగి, రొయ్యలు వేయించిన నూనె తగలకుండా వండాలి.

"ముప్పై ఏళ్ళుగా తింటున్నాను, ఇప్పుడు కొత్తగా ఎలర్జీ ఏమిటి?" అంది మా పక్కింటి వదిన. పెద్దయ్యాక మొదలవడమే ఇందులో ఎక్కువ. వస్తే సాధారణంగా జీవితాంతం ఉంటుంది. కొంచెం కొంచెం తింటే అలవాటవుతుందనే పెద్దల మాట ఇక్కడ పనికిరాదు. అయొడిన్ వల్లనే ఇది వస్తుందనీ, రొయ్యలు తిని పాలు తాగితే బొల్లి వస్తుందనీ అంటారు. రెండూ ఉత్త మాటలే.

గుర్తు పట్టడం ఎలా? ఎలర్జీ ఎక్కువగా నిమిషాల్లోనో, రెండు గంటల లోపో బయటపడుతుంది. అందరూ తిన్నా బాధ ఒక్కరికే. ఒళ్ళంతా దద్దుర్లు, పెదవుల వాపు, వాంతులు కనిపిస్తాయి. గొంతు బొంగురుపోయినా, ఆయాసం వచ్చినా, కళ్ళు తిరిగినా ప్రాణాపాయమే. అప్పుడు ఎవిల్ మాత్ర వేసి చూద్దామని కూర్చోకూడదు. కావలసింది తొడకిచ్చే ఎడ్రినలిన్ ఇంజెక్షను. వెంటనే 108కి ఫోన్ చేయండి. మనిషిని పడుకోబెట్టి కాళ్ళు ఎత్తుగా పెట్టండి, ఆయాసపడుతుంటే కూర్చోనివ్వండి. లేపి నడిపించవద్దు.

ఒకసారి ఇలా జరిగినవారు విందుకు వెళ్ళినప్పుడు మొహమాటపడకుండా ముందే చెప్పాలి. బీరకాయ కూరలోనో, గోంగూరలోనో రుచి కోసం గుప్పెడు ఎండు రొయ్యపొట్టు వేసే అలవాటు మనకుందాయె! అది కంటికి కనబడదు. "ఇందులో రొయ్యపొట్టు వేశారా?" అని అడిగి మరీ వడ్డించుకోండి.