రెండు రాళ్లు, ఒక వస్తాదు

స్కాట్లండులో డీ నది మీద పోటార్క్ అనే వంతెన ఉంది. అక్కడ ఇనుపకడియాలు తగిలించిన రెండు బండరాళ్లున్నాయి. రెండూ కలిపి 332 కిలోలు. అంటే క్వింటాలు బియ్యపు బస్తాలు మూడు, ఆపైన మరో ముప్ఫయి కిలోలూనన్నమాట! 1860లో డొనాల్డ్ డిన్నీ అనే కుర్రవాడు చేతికొకటి పట్టి, వంతెన వెడల్పున ఈ కొస నుంచి ఆ కొసకు నడిచాడని ప్రతీతి.

డిన్నీ 1837లో పుట్టాడు. తండ్రి రాతిపని మేస్త్రీ. కొడుక్కీ అదే పని. పదహారో ఏట కుస్తీలో ఒక పౌను గెలిచాడు. ఆ రుచి మరిగాక ఊరూరా జరిగే కొండప్రాంతపు పందేలన్నీ అతనివే. ముఖ్యంగా సుత్తి విసరడం. ఇప్పటి ఒలింపిక్ సుత్తికి ఉండేది ఇనుపతీగ; స్కాట్లండు వారిది కర్రపిడి సుత్తి. మైదానానికి వీపు పెట్టి, పాదాలు కదపకుండా, తలచుట్టూ తిప్పి వదలాలి. నడుములో సత్తువ లేనివాడు సుత్తితోపాటు తానూ పోతాడు!

అమెరికా, ఆస్ట్రేలియా, న్యూజీలండులు తిరిగి డిన్నీ డబ్బు గడించాడు. సొంతదేశంలో 1883లో అమెచ్యూర్ సంఘం వెలసింది. పందెం సొమ్ము ముట్టినవాడికి అందులో చోటు లేదు. దొరబిడ్డ సరదాకి విసిరితే క్రీడట. రాళ్లు చెక్కేవాడు కూటికి విసిరితే కాదట! ఇదెక్కడి న్యాయమో నాకైతే బోధపడదు.

1916లో డిన్నీ లండన్‌లో కన్నుమూశాడు. రాళ్లకు మాత్రం అతని పేరే నిలిచింది. 1979లో జాన్ టాడ్ అనే అమెరికన్ వనిత, చేతులకు పట్టీలు చుట్టుకొని, ఆ రెంటినీ నేల విడిపించింది.